షిరెన్‌లో ప్రతిసారీ పదో అంతస్తు దగ్గరే చావు: ఇది అదృష్టమా, నా ఆటలోని లోపమా?

కొత్తబాటసారి (ప్రశ్న)

స్పైక్ చున్‌సాఫ్ట్ 2024లో విడుదల చేసిన ఆరవ షిరెన్ వీడియో ఆటను, పాము చుట్టలు చుట్టుకున్నట్టుండే ఆ తొగురో దీవి కథను, నెల రోజులుగా ఆడుతున్నాను. ఇప్పటికి 23 ప్రయాణాలు చేశాను. వాటిలో 17 సార్లు తొమ్మిదికీ పదమూడుకీ మధ్య అంతస్తుల్లోనే చనిపోయాను. చనిపోయిన ప్రతిసారీ బయలుదేరిన ఊళ్లోనే, మొదటి లెవెల్‌లో, ఖాళీ సంచితో కళ్లు తెరవవలసి వస్తోంది. ఇంతకుముందు నేను ఆడిన జపాన్ ఆర్‌పీజీలలో, అంటే పాత్రను పెంచుకుంటూ ఆడే ఆటల్లో, ఓడిపోతే కొంచెం వెనక్కి వెళ్లి, నాలుగు మాన్‌స్టర్లను కొట్టి, లెవెల్ పెంచుకుని తిరిగి రావచ్చు. ఇక్కడ ఆ దారి లేదు. ఆటను మధ్యలో ఆపి రేపు కొనసాగించవచ్చు గానీ, నిన్నటి స్థితికి వెనక్కి పోవడం కుదరదు.

నిన్నటి చావు ఎలా జరిగిందో చెబుతాను. పదకొండో అంతస్తులో ఒక సన్నని దారి వెంట నడిచి పెద్ద గదిలోకి అడుగుపెట్టగానే సంగీతం మారిపోయింది, గది నిండా నిద్రపోతున్న మాన్‌స్టర్లన్నీ లేచాయి. మాన్‌స్టర్ హౌస్ అన్నమాట. నా ప్రాణశక్తి 70కి 58 ఉంది, కత్తీ డాలూ ఒక మోస్తరుగా ఉన్నాయి, కాబట్టి నిలబడి కొట్టాను. రెండింటిని పడగొట్టాను కూడా. ఈలోగా మిగిలినవి నాలుగు వైపులా చేరాయి, నా ఏడో వంతు వచ్చేసరికి పని అయిపోయింది. ఆ సమయంలో నా సంచిలో గదిలోని మాన్‌స్టర్లన్నిటికీ మతి చెదరగొట్టే స్క్రోల్ (మంత్రం రాసిన కాగితపు చుట్ట) ఒకటి, విసిరికొట్టే మంత్రదండం ఒకటి, నేల మీద పరిస్తే దాని మీద నిలబడ్డవాణ్ని మాన్‌స్టర్లు కొట్టలేని అభయ స్క్రోల్ ఒకటి, కొన్ని చెక్క బాణాలు ఉన్నాయి. చివర్లో వచ్చే బాస్ కోసమని వాటిని దాచుకున్నాను.

ప్రతి అంతస్తునూ ఆటే అప్పటికప్పుడు పాచికలు వేసి తయారుచేస్తుంది కదా. గదులు ఎక్కడుంటాయో, వస్తువులు ఏవి దొరుకుతాయో, మాన్‌స్టర్ హౌస్ పడుతుందో లేదో ఏదీ నా చేతిలో లేదు. అలాంటప్పుడు పాము నోట్లో పడితే కిందికి, నిచ్చెన దొరికితే పైకి అన్నట్టుండే వైకుంఠపాళికీ దీనికీ తేడా ఏమిటి? నేర్చుకోగలిగినది నిజంగా ఏమైనా ఉంటే, దయచేసి వివరంగా చెప్పగలరు.

పాతకాపు

మీ ప్రశ్నకు జవాబు మీ రెండో పేరాలోనే ఉంది. చనిపోయేటప్పటికి సంచిలో ఏమేమి మిగిలాయో మీరే లెక్కగా రాశారు. ఈ ఆటలో చావు పడ్డాక మొదట చూసుకోవలసింది అదే. సంచి ఖాళీగా ఉండగా చనిపోతే పాచికలను తిట్టుకోవచ్చు. మీరు మూడు ప్రాణరక్షణలను చంకలో పెట్టుకుని చనిపోయారు, పైగా చావుతో ఆ మూడూ ఎటూ మాయమయ్యాయి. రాని బాస్ కోసం దాచిన వస్తువు ఎవరి ఖాతాలో పడిందంటారు?

ఆ గదినే తీసుకుందాం. ఇది వంతుల ఆట. మీరు ఒక పని చేస్తే ప్రతి మాన్‌స్టరూ ఒక పని చేస్తుంది, మీరు కదలకపోతే అవీ కదలవు. కాబట్టి సంగీతం మారిన క్షణంలో మీకు తొందరేమీ లేదు, అరగంట ఆలోచించినా ఎవరూ అడగరు. మీరు గుమ్మంలో ఉన్నారు, వెనుక సన్నని దారి ఉంది. చాలామంది వెంటనే దారిలోకి వెనక్కి తగ్గుతారు. ఒక్కొక్కటే ఎదురుగా వస్తుంది కాబట్టి అది తెలివైన పనే, కానీ మీ విషయంలో దానికంటే ముందు చేయవలసిన పని ఒకటుంది. మతి చెదరగొట్టే స్క్రోల్ గదిలో నిలబడి చదివితే గది మొత్తానికి పనిచేస్తుంది, దారిలో నిలబడి చదివితే మీ చుట్టుపక్కల గళ్లకే పరిమితమవుతుంది. అంటే చదవడం గదిలో, తగ్గడం ఆ తర్వాత. వరుస తారుమారైతే అదే స్క్రోల్ సగం వృథా.

చదివాక మతి చెదిరినవి ఒకదాన్నొకటి కొట్టుకుంటాయి. అది చూసి మరీ సంతోషించకండి. ఈ ఆటలో ఒక మాన్‌స్టర్ ఇంకో మాన్‌స్టర్‌ను చంపితే దాని స్థాయి పెరుగుతుంది, ముందున్నదానికంటే చాలా బలమైనది తయారవుతుంది. అందుకని అవి తన్నుకుంటున్నంతసేపు దూరం నుంచి బాణాలు వేసి, బాగా దెబ్బతిన్నదాన్ని మీరే ముందు పడగొట్టాలి. విసిరికొట్టే దండం ఎదుటిదాన్ని పది గళ్లు వెనక్కి పంపుతుంది గానీ, దారిలో ఒకదాని వెనుక ఒకటి బారులు తీరి ఉంటే ముందుదాన్ని విసిరినా వెనకదానికి తగిలి అక్కడే ఆగిపోతుంది, కాబట్టి దాన్ని ఖాళీ దారి కోసం ఉంచుకోవాలి. ఇవన్నీ కుదరకపోతే అభయ స్క్రోల్ పరచాలి. దాని మీద నిలబడినా దూరం నుంచి విసిరేవీ, నిప్పు ఊదేవీ ఆగవని మాత్రం మరిచిపోకూడదు.

మరో చిన్న సంగతి, చిన్నదే గాని ప్రతి పోరులోనూ పనికొస్తుంది. మీకూ మాన్‌స్టర్‌కూ మధ్య ఒకే ఒక ఖాళీ గడి ఉన్నప్పుడు మీరు ముందుకు అడుగేస్తే మొదటి దెబ్బ దానిది. అక్కడే ఆగి ఒక వంతు ఊరికే గడిపితే అది మీ పక్కకు వస్తుంది, మొదటి దెబ్బ మీది అవుతుంది. అంతస్తుకు ఎనిమిది పోరాటాలు అనుకున్నా, పది అంతస్తుల్లో ఎనభై దెబ్బలు ఊరికే తప్పించుకున్నట్టు లెక్క. 23 ప్రయాణాల్లో మీరు ఎన్ని దెబ్బలను ఎదురెళ్లి తిన్నారో ఒకసారి ఆలోచించండి.

వైకుంఠపాళి పోలికను నేను ఒప్పుకోను. అక్కడ గవ్వలు పడ్డాక మీరు చేయగలిగింది కాయ జరపడం ఒక్కటే. ఇది పేకాటకు దగ్గర. ముక్కలు మన చేతిలో లేవు, ఏ ముక్క ఎప్పుడు పడేయాలన్నది మన చేతిలో ఉంది. ఈ వరుసకు తల్లి అనదగిన రోగ్ ఆటను 1980లో అమెరికాలో విశ్వవిద్యాలయ కంప్యూటర్ల మీద రాసినప్పుడే ఈ ఒప్పందం కుదిరింది. తెరను మూడు వరుసలు, మూడు నిలువులుగా తొమ్మిది భాగాలు చేసి, వాటిలో గదులను పడేసి దారులతో కలిపేవారు. తెర మీద మాన్‌స్టర్లు ఏ నుంచి జెడ్ వరకు 26 అక్షరాలు, గెలవడానికి తేవలసిన యెండోర్ తాయెత్తు దొరికేది 26వ అంతస్తులో. చున్‌సాఫ్ట్ 1993లో డ్రాగన్ క్వెస్ట్ నాలుగో భాగంలోని వర్తకుడు తొర్నెకోను నాయకుడిగా పెట్టి ఆ పద్ధతిని సూపర్ ఫామికామ్ అనే ఆట యంత్రం మీదికి తెచ్చింది, 1995లో సొంత పాత్ర షిరెన్‌తో రెండోసారి తెచ్చింది. వెయ్యిసార్లు ఆడగల ఆర్‌పీజీ అని తొర్నెకో ఆటకు ప్రకటన చేసుకున్నారు. పటాన్ని కంఠస్థం చేసే ఆట ఎవరూ వెయ్యిసార్లు ఆడరు.

గడిలెక్క

పాతకాపు గారు పోరాటం గురించి చెప్పినదంతా సరైనదే. అయితే పదో అంతస్తు దగ్గర వరుసగా చనిపోయేవారిలో చాలామంది నిజానికి ఐదో అంతస్తులోనే చనిపోతారని నా అభిప్రాయం, విషయం తెలిసేది మాత్రం పదిలో. కడుపు లెక్క చూడండి. పది వంతులకు ఒక శాతం చొప్పున ఆకలి పెరుగుతుంది. నిండు కడుపు 100 శాతం అనుకుంటే వెయ్యి వంతులు, ఒక మామూలు ఒనిగిరి (అన్నం ముద్ద) తింటే 50 శాతం, అంటే ఇంకో ఐదు వందల వంతులు. సున్నాకు చేరితే వేసే ప్రతి అడుగుకీ ప్రాణశక్తి కరిగిపోతుంది. ప్రాణశక్తి నడుస్తుంటే దానంతటదే నిండుతుంది కాబట్టి, కొత్తవారు ప్రతి పోరు తర్వాత ఒక మూలన కూర్చుని వందల వంతులు ఖర్చుపెట్టి పూర్తిగా కోలుకుంటారు. అది ఉచితం కాదు, అన్నం పెట్టి కొనుక్కున్న ఆరోగ్యం.

దీనికి విరుగుడు మెట్లకేసి పరుగెత్తడమని కొందరు అంటారు. అదీ తప్పే. అంతస్తులు తొందరగా దాటితే లెవెల్ ఉండదు, వస్తువులు ఉండవు. మొదటి నాలుగైదు అంతస్తుల్లో మామెల్ లాంటి మెత్తటి మాన్‌స్టర్లు ఉన్నంతవరకు ప్రతి గదినీ ఊడ్చేయాలి, ఆ తర్వాత మెట్లు కనబడ్డాక ఇంకో గది చూడడం అవసరమా అని ప్రతిసారీ ప్రశ్నించుకోవాలి. ఒకే అంతస్తులో మరీ ఎక్కువసేపు తచ్చాడితే గాలి వీస్తోందని హెచ్చరికలు వస్తాయి, వాటినీ పట్టించుకోకపోతే చివరి గాలి మనల్ని డంజన్ (ఈ అంతస్తులన్నీ ఉన్న చిక్కుదారుల చోటు) బయటికి విసిరేస్తుంది, ప్రయాణం అంతటితో ముగుస్తుంది. తయారుచేసినవాళ్లు ఒకవైపు ఆకలినీ, ఇంకోవైపు గాలినీ పెట్టింది మనం కూర్చోకూడదనే.

ఆరవ ఆటలో దీనికి ఒక తమాషా మినహాయింపు ఉంది. కడుపు 150 శాతానికి చేరేలా తింటే షిరెన్ సుమో మల్లుడిలా ఉబ్బి, గోడలను సైతం పగలగొట్టుకుంటూ నడవగలడు. తిండి మిగిలిన రోజున వాడి చూడండి. అయితే అప్పుడు ఆకలి కూడా మామూలుకంటే వేగంగా వేస్తుంది.

సందేహాలు

ఇద్దరు పెద్దలూ చెప్పింది వింటే అదృష్టమన్నదే లేనట్టుంది. నేను ఒప్పుకోలేను. నింటెండో డిఎస్ మీద ఇంగ్లీషులో 2008లో వచ్చిన మొదటి షిరెన్ నుంచి ఆడుతున్నాను. ఎనిమిదో అంతస్తు వరకు ఒక్క డాలు కూడా దొరకని ప్రయాణాలు నేను చూశాను. కథ ముగిశాక తెరుచుకునే 99 అంతస్తుల డంజన్‌లోకి ఉత్త చేతులతో దిగాలి, దొరికిన మూలిక ఏమిటో, కుండ ఏమిటో పేరు తెలియదు. ఆకలికి తట్టుకోలేక తెలియని మూలికను తింటే చూపు పోవచ్చు, నిద్ర రావచ్చు. దాన్ని కూడా ఆటగాడి లోపమంటే ఎలా? కొత్తబాటసారి గారు నిరాశ పడడంలో న్యాయముంది. గెలిచినవారు తమ నేర్పు అనుకుంటారు, ఓడినవారికి నేర్పు లేదంటారు, మధ్యలో పాచిక నోరు విప్పదు.

గడిలెక్క

అదృష్టం లేదని నేను అనలేదండీ. డాలు దొరకని ప్రయాణాలు నాకూ పడ్డాయి. కానీ పేరు తెలియని వస్తువుల విషయంలో మీరు ఒక మాట వదిలేశారు. డంజన్‌లో అంగడి కనబడితే ఆ వస్తువును అంగడి నేల మీద పెట్టండి, అంగడివాడు ధర చెబుతాడు. అమ్మవలసిన పని లేదు. ఒక్కో రకం వస్తువుకు ఒక్కో ధర తరగతి ఉంటుంది కాబట్టి ఇరవై అనుమానాలు మూడు నాలుగుకు తగ్గిపోతాయి. మంత్రదండాలకు లోపలున్న ప్రయోగాల సంఖ్యను బట్టి ధర మారుతుందని తెలిస్తే ఎన్ని మిగిలాయో కూడా చెప్పేయవచ్చు. ఇక తెలియని మూలికను తినడానికి సరైన వేళ ఆకలి వేళ కాదు. ప్రాణశక్తి నిండుగా ఉండి, గదిలో మాన్‌స్టర్ లేనప్పుడే తినాలి. అప్పుడు చూపు పోయినా పోయేది కొన్ని వంతులే.

కొత్తబాటసారి

అందరికీ కృతజ్ఞతలు. రాత్రి మళ్లీ బయలుదేరాను. ఇప్పుడు తొమ్మిదో అంతస్తులో ఇరుక్కుని ఆట ఆపేశాను. ఈ ఆటలో మన స్థితిని ఉన్నదున్నట్టు ఇతరులకు పంచే ప్యారలల్ ప్లే అనే వెసులుబాటు ఉంది కదా, దాన్ని వాడి పాతకాపు గారికీ, సందేహాలు గారికీ గుర్తింపు సంఖ్య విడిగా పంపాను. నా ప్రాణశక్తి 64కి 21, కడుపు 14 శాతం. సన్నని దారిలో నా ఎదుట, మధ్యలో రెండు ఖాళీ గళ్లు వదిలి, రెండే దెబ్బల్లో నన్ను చంపగలిగినది ఒకటి వస్తోంది. దాని వెనుక, దారి ముగిసిన చోట గదిలో మెట్లు ఉన్నాయని ముందే చూశాను. నా సంచిలో నాలుగు చెక్క బాణాలు, ఒకే ఒక ప్రయోగం మిగిలిన స్థలమార్పిడి దండం తప్ప ఏమీ లేవు. నా వెనుక దారి మూసుకుపోయి ఉంది. ఒకే చోట నుంచి ముగ్గురం ఆడితే ఎవరిది అదృష్టమో తేలుతుందని ఆశిస్తున్నాను.

సందేహాలు

నేను ఆడాను, చనిపోయాను. దూరం ఉంది గనుక బాణాలు వేయడమే సబబనుకున్నాను. మొదటి బాణం తగిలింది, రెండోది గురి తప్పింది, అప్పటికే అది పక్కకు వచ్చేసింది. కత్తితో రెండుసార్లు కొట్టాను, అది రెండుసార్లు కొట్టింది. రెండో బాణం తగిలి ఉంటే బతికేవాణ్ని, కాబట్టి నా వాదన ఇంకా చెక్కుచెదరలేదని మనవి.

పాతకాపు

నేను బతికాను. బాణాల జోలికి పోలేదు. మొదటి వంతులోనే స్థలమార్పిడి దండం ఝళిపించాను. దాని చోటుకు నేను, నా చోటుకు అది వెళ్లాం. అంటే దారి మూసుకుపోయిన కొసన ఇప్పుడు అది ఉంది, నేను మెట్ల వైపు మూడు గళ్లు ముందుకు జరిగాను, దాని వంతులో అది ఒక గడి దగ్గరికి వచ్చినా మా మధ్య ఒక ఖాళీ గడి ఉండనే ఉంది. ఇక వెనక్కి తిరగకుండా నడిచాను. ఇద్దరిదీ ఒకే వేగం. నేను ఒక గడి కదిలితే అదీ ఒక గడి కదులుతుంది, దెబ్బ వేయాలంటే నా పక్కకు చేరాలి, చేరడానికి నేను ఎక్కడా ఆగలేదు. గది గుమ్మం దగ్గర మాత్రం ఒక పొరపాటు జరగబోయింది. మెట్లు ఏటవాలుగా కనబడుతున్నాయి కదా అని గోడ మూలను ఒరుసుకుంటూ వాలుగా పోబోయాను. గోడ మూలలను ఆట వాలుగా దాటనివ్వదని గుర్తొచ్చి, నేరుగా ఒక అడుగు లోపలికి వేసి అప్పుడు వాలుగా తిరిగాను. మెట్లెక్కేసరికి నా ప్రాణశక్తి 23, అంటే నడకలో రెండు పెరిగాయి కూడా.

సందేహాలు గారి రెండో బాణం తగలవలసిందే, కాదనను. కానీ ఆయన తన ప్రాణాన్ని ఆ బాణం మీద పందెం పెట్టారు. పందెమే లేని దారి ఒకటి అదే సంచిలో ఉంది.

సందేహాలు

ఈ గది వరకు ఒప్పుకుంటున్నాను. 99 అంతస్తుల సంగతి మాత్రం ఇంకా ఒప్పుకోలేదు. ఒక విషయం చెప్పాలి. ఆ దండం నా కళ్ల ఎదుటే ఉంది, ఒకే ప్రయోగం మిగిలింది కదా అని దాచుకున్నాను.

కొత్తబాటసారి

నాకూ సరిగ్గా అదే బుద్ధి పుట్టింది, అందుకే ఆట ఆపేశాను. మీ ఇద్దరి ఆటా చదివాక నా స్థితికి తిరిగి వెళ్లి పాతకాపు గారి దారినే పట్టాను. పదో అంతస్తులో ఒనిగిరి దొరికింది, పన్నెండులో పడ్డ మాన్‌స్టర్ హౌస్‌ను గుమ్మంలో నిలబడి స్క్రోల్ చదివి దాటాను. పదహారో అంతస్తులో చనిపోయాను. ఇది నా 24వ ప్రయాణం, ఇప్పటివరకు నేను చేరిన అన్నిటికంటే దూరపు అంతస్తు.

అలవాటు ప్రకారం చావు తర్వాత సంచి చూసుకున్నాను. ఒక్క ఒనిగిరి తప్ప ఏమీ లేదు. అయితే అది మొదట ఒనిగిరి కాదు. చనిపోయినా ఒకసారి తిరిగి లేపే మూలికను అంతవరకు భద్రంగా మోసుకొచ్చాను, పదిహేనో అంతస్తులో నిగిరి అనే మాన్‌స్టర్ ఒకటి నన్ను తాకి ఆ మూలికనే ఎంచుకుని ఒనిగిరిగా మార్చేసింది. సందేహాలు గారూ, దీన్ని మీ ఖాతాలో రాసుకోవచ్చు. పాతకాపు గారు మాత్రం నిగిరిని పక్కకు ఎందుకు రానిచ్చారని అడుగుతారని తెలుసు. అప్పటికి బాణాలు మూడు మిగిలే ఉన్నాయి, వేయడం మరిచిపోయాను.

పాతకాపు

మీరు అడగనివ్వలేదు కాబట్టి వేరే ప్రశ్న అడుగుతాను. ఆ ఒనిగిరిని తిన్నారా, లేదా?

కొత్తబాటసారి

దాచుకున్నానండీ.